పాదరసం ఎక్కని నేల

పొద్దుటూరు నుంచి మడకశిరకు బదిలీ అయినప్పుడు
ట్రంకుపెట్టెలో నాలుగు జతల బట్టలు, పల్చటి దుప్పటి,
అలవాటుగా మూటగట్టుకొచ్చిన బెండ విత్తనాలు.
పశువుల ఆసుపత్రి వెనక నాలుగు సెంట్ల ఖాళీ.
తొట్టి కడిగిన నీళ్లు ఊరికే పారిపోతుంటే
మనసొప్పక మడులు కట్టాను.

మార్గశిరంలో బెండ పెట్టాను.
మా వైపైతే నాలుగోనాడు నేల పగిలేది.
ఇక్కడ పన్నెండోనాడు ఒకే ఒక్కటి లేచి
ఈనిన గంటకే వానలో తడిసిన దూడలా
చెవులు వేలాడేసుకుని నిలబడింది.

గోడవతల జుంజక్క రాగులు చెరుగుతూ చూసింది.
"ఏం సామీ,
బెండకాయకు స్వెట్టరు అల్లిస్తావా ఏంది?"

నేను కాంపౌండర్ని. నాకు లెక్క కావాలి.
ఆవుల థర్మామీటరు విదిలించి
తడిమట్టిలో గుచ్చి రెండు నిమిషాలు చూశాను.
పాదరసం కదల్లేదు.
తొంభై నాలుగుకు కింద
దానికి లోకమే లేదు.
పుట్టినప్పటి నుంచీ జ్వరాన్ని మాత్రమే చదివిన గాజుపుల్ల అది.
పెన్నా ఇసకలో కాళ్లు కాల్చుకుంటూ పెరిగిన నాకూ
అంతకు మించి చదువు లేదు.

జుంజక్క గోడ సందులోంచి వచ్చింది.
చెప్పు విడిచి, మడిలో మడమ ఆనించి
ఎవరో చెవిలో చెప్తుంటే వింటున్నట్టు కాసేపు నిలబడి
"ముల్లంగి" అంది.
రెండడుగులు జరిగి,
"ఈడ గోడనీడ. మెంతాకు, కొత్తిమీర.
ఇంకేం అడగొద్దు దీన్ని."

కోసుగడ్డ నారు హస్తకార్తెలో పోసింటే
ఈపాటికి గుప్పిలి ముడిచేదంట. తప్పిపోయింది.
బఠాణీ పెట్టేదుంటే ఈ పొద్దే పెట్టాలి,
అది మంచు తాగి బతికే తీగ,
శివరాత్రికి ఎండ ముదిరితే
కాళ్లు పట్టుకున్నా పలకదు.
"మరి టమోటా?"
"వస్తాది. పండేదానికే బద్ధకం."
"సొరకాయ?"
"ఉగాదికి రా, మాట్లాడుదాం."

అనప గింజలు చూపించాను.
తల అడ్డంగా ఊపింది.
అవి ముంగారులో, రాగిచేల సాళ్లలో పడాల్సినవి.
మళ్లీ సందులోంచి పోయి
కొంగు నిండా పచ్చి అనపకాయలు తెచ్చి
నా ఒళ్లో గుమ్మరించింది.
"వాసన చూడు. రాత్రి మంచు పడింది."
ఆ వాసనను ఆమె సొగడు అంటుంది,
కన్నడమో తెలుగో నేను అడగలేదు.
చేతికంటిన జిడ్డు
లైఫ్‌బాయ్ సబ్బుతో మూడుసార్లు కడిగినా పోలేదు.
ఆ పొద్దు సూదిమందు వేసిన ప్రతి ఎద్దూ
నా వేళ్లు నాకింది.

ముల్లంగి నెలా పదిరోజులకే మట్టిని తోసుకుని భుజాలు చూపింది.
బఠాణీ నాలుగు గుప్పిళ్లు కాసి,
సరిగ్గా శివరాత్రి ముందురోజు
పసుపు రంగుకు తిరిగి ఊరుకుంది.
ఆమె చెప్పిందని తెలిసీ
నేను రెండు చెంబులు ఎక్కువే పోశాను.

పీకేద్దామనుకుంటూ మరిచిపోయిన ఆ ఒంటి బెండ
ఫాల్గుణంలో, పడమటి గాలి వేడెక్కిన వారం,
ఉన్నట్టుండి మోకాలెత్తు లేచి
పసుపుపచ్చ పువ్వు విప్పింది.
జుంజక్క ఆగి చూసింది.
"దానికి మీ ఊరు గుర్తొచ్చినట్టుండాది."
ఆమె నవ్వలేదు.
నేను ఆ పూట అన్నం తినడానికి ఆలస్యమైంది.

థర్మామీటరు ఇప్పుడు ఆవులకే.
చలి మొదలైందంటే, బూట్లు తొడుక్కునే ముందు
వెనక్కి పోయి మడమ ఆనిస్తాను.
నాకింకా ఏ కూర పేరూ వినపడలేదు.
చల్లగా ఉందని మాత్రం తెలుస్తుంది.
గోడవతల నుంచి అడుగుతుంది:
"ఏమంటాంది సామీ?"
"ముల్లంగి" అంటాను, ధైర్యం చేసి.

ఒకటి రెండుసార్లు ఒప్పుకుంది.